ఎడమవైపు జేబు

"పెన్ను ఎక్కడ పెట్టుకోమంటారు, నెత్తిమీదా?"

కొత్త చొక్కా తొడుక్కుని అద్దం ముందు నిలబడ్డ బడిపంతులు ఛాతీ తడుముకున్నాడు. కాలరు కుదిరింది, భుజాలు కుదిరాయి. జేబే లేదు.

దర్జీకొట్టు యజమాని చెవిమీది సుద్దముక్క తీసి బల్లమీద పెట్టాడు. మెడలోని తాడుకు వేలాడే తాళాలగుత్తి గలగలలాడింది.

"పొరపాటైంది మాస్టారూ. సాయంత్రానికి కుట్టించి పెడతాను."

"కొత్తవాణ్ణి పెట్టుకున్నారటగా. కాస్త కనిపెట్టి ఉండండి."

పంతులు వెళ్లిపోయాడు. మూలనున్న కొత్తవాడి కుట్టుమిషను అప్పటికే ఆగిపోయింది.

జైల్లో ఏళ్ల తరబడి కొత్తవాడు కుట్టినవి ఖైదీల చొక్కాలు. వాటికి జేబులుండవు, ఖైదీకి దాచుకునే చోటు ఉండకూడదు. తాను మరిచిపోదామనుకున్నా అతడి చేతులు మరవలేదు. విడుదలయ్యాక చేరిన రెండు కొట్లలోనూ సంగతి తెలియగానే పొమ్మన్నారు. అందుకే ఇక్కడ, యూనిఫాంల ఫ్యాక్టరీలో పని నేర్చానని అబద్ధమాడాడు. "ముందు ఒకచోట నిలకడగా ఉండరా, అప్పుడు పాపను పంపిస్తాను" అంది అక్క. తల్లి లేని ఆ పిల్లకు తండ్రి ముఖం కూడా సరిగా తెలియదు.

యజమానిది కరుకు మాట, వింత పట్టుదల. వాన కొట్టినా కొట్టు తలుపు మూయనివ్వడు, ఊపిరాడదంటాడు. ఎడమ భుజంమీది తువాలు తీయగా ఎవరూ చూడలేదు.

కొత్తవాడు కుట్టి ఉంచిన చొక్కాలన్నీ యజమాని ఒక్కొక్కటే తిరగేశాడు.

"దీనికీ లేదు. దీనికీ లేదు. ఏ ఫ్యాక్టరీరా అది?"

కొత్తవాడు లేచి, చేతులు కట్టుకుని, తల వంచుకున్నాడు.

"ఫ్యాక్టరీ కాదన్నా. జైలు." "కోపంలో ఒకణ్ణి కొట్టాను. ప్రాణం పోయింది. మీ దగ్గర దాచాను, తప్పే. వెళ్లిపోతాను. మా అక్క వచ్చి అడిగితే మాత్రం జైలు మాట ఎత్తకండి. పని చేతకాదని పంపేశానని చెప్పండి. పక్కన పాప ఉంటుంది."

బయట వాన అందుకుంది. జల్లు గడప దాటి లోపలికి కొట్టింది.

"వెళ్లేవాడికి తలుపు తీసే ఉంది" అన్నాడు యజమాని.

కొత్తవాడు గడప దగ్గరికి నడిచి చెప్పుల్లో కాళ్లు పెట్టాడు.

"మరి ఈ జేబులన్నీ ఎవడు కుడతాడు, మీ తాతా? ముందు ఆ ముఖం తుడుచుకో. ఏడుస్తూ కూర్చుంటే బట్టమీద మరకలు పడతాయి."

యజమాని భుజంమీది తువాలు లాగి అతడిమీదికి విసిరాడు.

ముఖం తుడుచుకుని కొత్తవాడు తలెత్తాడు. యజమాని చొక్కా ఎడమవైపు మొదటిసారి అతడి కంటపడింది.

అక్కడ జేబు లేదు.