దేవవ్వ శోకం

“మా ఇంటామె ఏడుపు నీ దుకాణంల కిరాయికి దొరుకుతదట. నిజమేనా ఆత్మారాం?”

బోధన్ బస్టాండు పక్కన తన దుకాణంలో క్యాసెట్లు తుడుస్తున్న ఆత్మారాం, ముత్తన్న మాటకు తల ఎత్తాడు. వెనక అరలో ‘తల్లి శోకం’, ‘తండ్రి శోకం’ అని చీటీలు అంటించిన క్యాసెట్లు వరుసగా ఉన్నాయి. చావు ఇళ్లకు మైకుసెట్టుతో కలిపి కిరాయికిస్తాడు.

నిన్న తమ ఊరు ఎడపల్లిలో చంద్రయ్య శవం ముందు కొడుకులు, కోడళ్లు పొడికళ్లతో నిలబడితే మైకే రాగం తీసి ఏడ్చింది. ఎవరి చావుకూ వెళ్లని ముత్తన్న తన వాకిట్లో కూర్చునే ఆ గొంతు గుర్తుపట్టాడు. అది నిరుడు పోయిన తన భార్య దేవవ్వది. శోకం పెట్టడంలో చుట్టుపక్కల ఊళ్లలో ఆమెను మించినవాళ్లు లేరు.

“ఎంతకు అమ్ముకున్నది?”

“పైస ముట్టలేదు కాకా. గా శోకం నాకిచ్చి, దానికి బదులు ఇంకోటి టేపుల పట్టి దాయమన్నది. అది కిరాయికి ఇయ్యొద్దన్నది.”

“ఇంకోటి ఎవరికి?”

“ఒక మొగాయనకు. గంతకన్న అడగకు. ఒట్టేయించుకున్నది.”

ముత్తన్న కనుబొమలు ముడిపడ్డాయి. జబ్బు ముదిరాక దేవవ్వ దవాఖానకని చెప్పి మాటిమాటికీ బోధన్ వచ్చేది. మందులు మాత్రం తెచ్చేది కాదు. అడిగితే నవ్వేది. ఆ రోజుల్లోనే చెరుకు లారీ నడిపే హన్మాండ్లు చచ్చిపోతే, పక్కింటామె లేపేదాకా అతని శవం దగ్గరే కూర్చుని ఏడ్చింది. అప్పటినుంచి ముత్తన్న ఆమెతో మాట్లాడలేదు. ఆమె కాటికి పోయేటప్పుడు కూడా కన్ను తడవలేదు.

ఆ రెండో శోకం వినిపించేదాకా కదలనని దుకాణం గడపలో కూలబడ్డాడు. గిరాకీలు వెనక్కి మళ్లుతుంటే ఆత్మారాం బతిమాలాడు, కోప్పడ్డాడు. చివరికి గల్లా పెట్టె అడుగునుంచి చీటీ లేని క్యాసెట్ తీశాడు.

“ఇంటె నువ్వు ఓర్వలేవు కాకా.”

“నేను ఓర్వనిది ఏమున్నదిర? పెట్టు.”

టేపు తిరిగింది. నీరసపడిన దేవవ్వ గొంతు.

“ఓ నా కోపాల రాజా... నీ తిట్లు గుడ నాకు తీపాయె రాజా...”

ముత్తన్న పళ్లు కొరికాడు. తనను ఏనాడూ ఇలా పిలవలేదు. బతికుండగా హన్మాండ్లును నిలదీయనందుకు తన్ను తానే తిట్టుకున్నాడు.

టేపులో పెద్ద దగ్గు తెర వచ్చింది. అది తగ్గాక రాగం మళ్లీ అందుకుంది.

“నేను ముందుగాల్నే పోతున్న, నీ చావుకు ఎవరేడుస్తరు ముత్తన్నా?”