మార్కండి ఇసక మీద ఇంజంక్షను

దాలయ్య చేతిలో ఆ పొద్దున ఉన్న ఆస్తి ఇదీ: మార్కండి తీరంలో నడుమెత్తు లేచిన నాలుగు గోడలు, ఒక గుట్ట పెంకులు, తడిపిన సున్నం, పనిలో ఉన్న మేస్త్రులు. కోర్టు బంట్రోతు వచ్చి గోడకి ఒక కాగితం అంటించేసరికి వాటిలో ఏదీ అతనికి పనికిరాకుండా పోయింది.

"పని ఆపీయాల. దావా తేలేదాకా రాయి మీద రాయి ఎట్టకూడదు. మునసబు కోర్టు ఇంజంక్షను," అన్నాడు బంట్రోతు.

"ఎవుడేసినాడు దావా?"

బంట్రోతు నోరు విప్పే పని లేకపోయింది. పక్కనే పడవకి చేరబడి మసేను నవ్వుతున్నాడు.

"నానే బావా. నీ ఉప్పుసేపల కొట్టు అడ్డంగా లేస్తే నా పడవలు ఎటు లాగాల? నీ నెత్తి మీంచా?"

"ఈ జాగా నాకు కులపెద్ద సూపించినాడు."

"మా అయ్యకీ సూపించినాడు. ఎవుడి కాడ కాగితముంది? ఇప్పుడు నాకాడుంది. గోడకంటించి మరీ ఇచ్చినారు, సూసుకో."

మార్కండిలో ఇసకకి పట్టాలుండవు. కులపెద్ద కర్రతో గీత గీసి 'ఇది నీది' అంటే అది ఆ మనిషిదే. తగవొస్తే ఆయన ముందే తేల్చుకోవాలి. ఆ కట్టు తప్పి కోర్టుకెక్కిన మొదటివాడు మసేను. దాలయ్యకి కడుపు మండిందంటే అందుకే. పైగా దసరా వెళ్తే చేప పోటెత్తుతుంది. కొట్టు లేకపోతే ఉప్పు పెట్టే చోటుండదు. సరుకంతా కళ్లముందే కుళ్లుతుంది. పురుషోత్తంపూర్ సంతలో అతని బేరం ఇంకొకడు తన్నుకుపోతాడు.

ఆ మంట చల్లారకముందే బరంపురం వెళ్లి రామచంద్రరావు ప్లీడరు ముందు కూర్చున్నాడు.

"దావా తేలడానికి ఏళ్లు పడుతుంది. ఈలోగా ఇంజంక్షను మీద జిల్లా కోర్టులో అప్పీలు చేద్దాం. స్థలం నీదని రుజువుందా?" అన్నాడు ప్లీడరు.

"కులపెద్ద మాటుంది బాబూ."

"మాట చాలదు. పోనీ, తనదని మసేను రుజువు చేయగలడా?"

"ఆడి తాత దిగొచ్చినా సెయ్యలేడు."

"అయితే ఆ ఇసక అతనిది కాదందాం. దాంతో మన పని అయిపోతుంది."

"అనండి బాబూ. గట్టిగా అనండి. ఆడి మొకం మాడిపోవాల."

ప్లీడరు గట్టిగానే అన్నాడు. "సముద్రపుటొడ్డు ఇసక సర్కారుది. తనది కాని ఇసక మీద ఇంజంక్షను అడగడానికి ఈ మనిషెవరు?" జడ్జి తలూపాడు. ఆ మాటే తీర్పులో రాసి, ఇంజంక్షను కొట్టేశాడు.

కోర్టు మెట్ల మీద దాలయ్య మసేనుకి అడ్డంగా నిలబడ్డాడు. "ఏటి బావా, ఇప్పుడు నవ్వు."

మసేను ఉమ్మేశాడు. "నాది కాదనిపించినావు. మరి నీదనిపించినావేటి?"

"నీది కాకపోతే నాకదే సాలు."

ఈలోగా మేస్త్రులు గోపాలపురంలో వేరే పనికి కుదిరిపోయారు. వాళ్లని బతిమాలి తీసుకొచ్చేసరికి నెల గడిచింది. తీరా వస్తే గోడలు నిలువెత్తయ్యాయి. ఎవరో కొత్త మేస్త్రులు పని చేస్తున్నారు. ఖాకీ బట్టల జవాను ఒకడు పెంకుల గుట్ట మీద కూర్చుని చుట్ట కాలుస్తున్నాడు.

"ఎవుర్రా మీరు? నా గోడ మీద సెయ్యెందుకేసినారు?"

"గోడ ఎవుడిదైతే ఏటి, ఇసక సర్కారుది. నీ ప్లీడరే సెప్పినాడంట, జడ్జీ రాసీసినాడు. ఉప్పు శాఖోళ్లు సేపలకి ఉప్పెట్టే యార్డు ఇక్కడే కడతన్నారు. ఇకమీద పడవలు ఇటు రాకూడదు. దొరగారి హుకుం."

దాలయ్య వెనక్కి తిరిగాడు. పడవ తాడు చేత్తో పట్టుకుని మసేను అక్కడే నిలబడి ఉన్నాడు. అతని పడవలకీ దారి పోయింది.

మర్నాడు ప్లీడరు అరుగు మీద దాలయ్య మళ్లీ ప్రత్యక్షమయ్యాడు.

"సర్కారు కట్టుబడి ఆపాల బాబూ. ఒక ఇంజంక్షను కావాల."

"సర్కారు మీదా? బలమైన సాక్ష్యం ఉండాలయ్యా. ఇంత గొడవపడ్డాక నీకు మిగిలిందేమిటి?"

దాలయ్య వీధి వైపు తిరిగి, "బావా, నోనికి రా," అని కేకేశాడు.

"మిగిలింది ఈడే బాబూ. ఆ ఇసక తాతల నాటి నుండీ నాదేనని సాక్ష్యం సెప్తాడు."