వండితే తెలుస్తది

ఆ ముప్పై బస్తాలూ ముమ్మాటికీ రేషన్ బియ్యమేనని ప్రభుత్వ వకీలు దామోదరరావు జిల్లా కోర్టులో బల్ల గుద్ది మరీ చెప్పాడు. అదే దొడ్డు రకం, అదే రంగు, కళ్ళున్నవాళ్ళకి తెలియదా అన్నాడు. అందుకే చెక్‌పోస్టులో పట్టుకున్నారు, అందుకే అదనపు కలెక్టరు జప్తు చేశారు, ఈ దొంగ బియ్యం అప్పీలు కొట్టేయమని కోరాడు.

దొంగ బియ్యం అన్న మాట వినేసరికి వెనక బెంచీ మీద కూర్చున్న కొమురవ్వకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఆ బియ్యం ఆమెవి. లేచి నిలబడింది. ఆమె వకీలు కూర్చోమని సైగ చేసినా వినలేదు.

"చూస్తే ఏం తెలుస్తది బిడ్డా, వండితే తెలుస్తది," అంది నేరుగా జడ్జితో.

ఆ కుర్చీలో కూర్చున్నాక జడ్జిగారిని బిడ్డా అని పిలిచినవాళ్ళు లేరు. ఆవిడ కళ్ళజోడు సర్దుకుని, చెప్పమ్మా అంది.

కొమురవ్వ చెప్పింది. అవి తన పొలంలో పండిన వడ్లు. ఏడాది పాటు గుమ్మిలో మాగబెట్టి మరపట్టించింది. చుట్టుపక్కల నాలుగూళ్ళలో పెళ్ళయితే కొమురవ్వ పాత బియ్యం రావాల్సిందే. రేషన్ బియ్యం వండితే ముద్ద, తన బియ్యం వండితే పలుకు పలుకు విడివిడి. పైగా ఒదుగుతాయి, నాలుగు కిలోల చోట మూడు చాలు. జప్తు అయినప్పటినుంచి ఆమె గడప తొక్కినవాళ్ళు లేరు.

"బియ్యం పోతే పోనియ్ బిడ్డా, మల్ల పండిస్త. నా బియ్యానికి దొంగ పేరు పెట్టిన్రు. అది తీసెయ్యి, చాలు."

"రుజువేదీ?" అన్నాడు దామోదరరావు. "మిల్లు రసీదు కూడా లేదు."

ఊళ్ళో చిన్న మిల్లు, రసీదు ఎవరిస్తారు! పట్టుకున్ననాడు ఆ బస్తాల్లోంచి తీసి సీలు వేసిన శాంపిలు తెప్పించమన్నారు జడ్జిగారు. సీలు విప్పితే సంచీలో గుప్పెడు పిండి, దానిలో పారాడుతున్న పురుగులు కనిపించాయి. ఎనిమిది నెలలు గడిచాయి మరి. సర్కారు బీరువాలో ఏదీ మాగదు, మగ్గుతుంది. కొమురవ్వ వకీలు తల దించుకున్నాడు. ఆమె మాత్రం దించలేదు.

ఆ బస్తాలైనా ఉన్నాయా అని అడిగింది జడ్జి.

దామోదరరావు దానికోసమే కాచుకున్నట్టు నిటారుగా నిలబడ్డాడు. ఒక్క గింజ కూడా వృథా కానివ్వలేదన్నాడు. పాడైపోకుండా వెంటనే ఆడపిల్లల హాస్టలుకు పంపించేశారట. వార్డెనమ్మ మెచ్చుకుంటూ కలెక్టరాఫీసుకు ఉత్తరం కూడా రాసిందట. ఫైల్లోంచి తీసి గాలిలో ఊపాడు. పై రెండు ముక్కలు తప్ప చదివినట్టు లేడు.

చదవండి, విందాం అంది జడ్జి.

ఆయన గొంతు సవరించుకుని, సన్మానపత్రం చదివినట్టు అందుకున్నాడు.

"మీరు పంపిన ముప్పై బస్తాల బియ్యానికి కృతజ్ఞతలు. పిల్లలు అడిగి మరీ మారు వడ్డించుకున్నారు. అన్నం పలుకు పలుకు విడిపోయింది. రోజూ పోసే కొలతే పోస్తే గిన్నె మూత లేచింది..."

అక్కడికొచ్చేసరికి ఆయన గొంతు తగ్గి, చదవడం ఆగిపోయింది. కొమురవ్వ కొంగు నడుముకు బిగించి, ఇంకాస్త నిటారుగా నిలబడింది.

"ఆపారేం? ఇంకో వాక్యం ఉన్నట్టుంది," అంది జడ్జి.

దామోదరరావు ఆ కాగితాన్ని మొహానికి దగ్గరగా పెట్టుకుని, ఎవరికీ వినపడకూడదన్నట్టు చదివాడు.

"ఈ నెల మళ్ళీ రేషన్ బియ్యమే వచ్చాయి, పిల్లలు ముద్ద ముట్టడం లేదు, దయచేసి ఆ బియ్యం ఎవరు పండించారో కనుక్కుని అవే పంపగలరు."