సింహాలు గీసిన గీత

సింహాలు ఆ గడ్డిమైదానాన్ని ఏలే రోజుల్లో, వేట పంచుకోవడానికి నేలమీద గోళ్ళతో ఒక గీత గీసుకున్నాయి. దాంతో జింకల మంద రెండుగా చీలిపోయింది. ఏళ్ళ తరబడి పోరాడి, చివరికి జింకలు సింహాలను తరిమేశాయి.

ఆ పోరులో కన్ను పోగొట్టుకున్న ముసలి లేడి మచ్చమ్మ, గీతకు అవతల చిక్కుకుపోయిన చెల్లెలు చుక్కమ్మను చూద్దామని ఆశగా బయల్దేరింది. ఇవతలి మందకు కొత్తగా రాజైన దుప్పి కొమ్ములు అడ్డం పెట్టాడు.

“ఎక్కడికి పెద్దమ్మా?”

“నా చెల్లెలి దగ్గరికిరా.”

“అటువాళ్ళు మన శత్రువులు. గీత దాటకూడదు.”

“ఆ గీత గీసింది సింహాలు కదరా!”

“అవి పోయాయి. ఇప్పుడది మన సరిహద్దు. దానికోసం ప్రాణాలైనా ఇస్తాం.”

అవతలి రాజు కూడా తన మందకు ఇదే మాట చెబుతున్నాడు. ఆ వేసవిలో వాగు నీళ్ళ కోసం రెండు మందలూ గీతమీద కలబడ్డాయి. దుమ్ము అణిగాక మచ్చమ్మ వెతుక్కుంటూ వెళ్ళింది. చుక్కమ్మ డొక్కలో కొమ్ము పోటుతో పడి ఉంది. వెనకనుంచి ఎవరు పొడిచారో ఆమె చూడలేదు.

“సింహాలు మళ్ళీ వచ్చాయా అక్కా?” అని అడిగింది.

నిజం చెప్పడానికి మచ్చమ్మకు నోరు రాలేదు.

“అవునే చెల్లీ, వచ్చాయి” అంది.