నాయిన వజ్రం

సాయంత్రం షిఫ్టు దిగే సైరన్ మోగకముందే ఉప్పలమ్మ పొయ్యి మీద నీళ్ల కాగు పెట్టింది. బొగ్గుగని నుంచి వచ్చిన మనిషి ఒళ్లు కడుక్కునే నీళ్లవి. భర్త పోయి ఏళ్లు గడిచినా ఆమెకు ఆ అలవాటు పోలేదు.

కూతురు శ్రీదేవి పక్కన కూర్చుని చిన్న డబ్బీ తెరిచింది. లోపల వజ్రపు ముక్కుపుడక తళుక్కుమంది.

"పెట్టుకో అమ్మా. ఇది నాయినే."

"ఏందే నువ్వనేది?"

"భద్రాచలంల నాయిన బూడిద గోదావరిల కలిపేటప్పుడు పిడికెడు దాచుకున్న. ఇన్నేండ్లకు బూడిదతోని వజ్రం చేసే కంపెనీకి పంపిన. ఇగ నాయిన ఎప్పటికీ నీతోనే ఉంటడు."

ఉప్పలమ్మ పుడక పెట్టుకుని అద్దం ముందు చాలాసేపు నిలబడింది. తర్వాత మెల్లగా తీసి కూతురి అరచేతిలో పెట్టింది.

"బొగ్గుబాయిల కప్పు కూలినప్పుడు మీ నాయిన దొరకలే బిడ్డా. చిన్నపిల్లవని నీకు చెప్పలే. పెద్దమనుషులు గడ్డిబొమ్మ చేయించి, దాన్నే కాలబెట్టిన్రు. నువ్వు దాచుకున్నది ఆ గడ్డి బూడిద."

శ్రీదేవి చేతిలోని రాయి వైపు చూసింది. తలెత్తి అడిగింది.

"మరి నాయిన?"

సైరన్ మోగింది. ఉప్పలమ్మ గబగబా వీధి తలుపు బార్లా తీసింది. వేడినీళ్లు బకెట్లో పోసి, దండెం మీది మగవాళ్ల తువ్వాలు అందుకుంది.

"అది జల్దీ దాచెయ్. ఇప్పుడే డ్యూటీ దిగుతడు. చూసిండంటే, తనకు దినాలు చేసినమని తెలుస్తది."