నెలకో సీసా

“తంటా నా సెంటుతో కాదమ్మా, నీ చర్మంతో,” అన్నాడు సెంట్ల కొట్టు యజమాని, కౌంటరు మీదున్న సీసాని చిటికెనవేలితో వెనక్కి నెడుతూ.

ఎదురుగా నిలబడ్డ దర్జీ ఆవిడ మెడకి చుట్టుకున్న గుడ్డ తీసింది. చెవి కింద నుంచి భుజం దాకా ఎర్రగా కందిపోయి, నీటిపొక్కులు లేచి ఉన్నాయి.

“రాసుకున్న మర్నాటికే ఇలా అయింది. కొలతలిచ్చేవాళ్లు నన్ను చూసి, అంటుకుంటుందేమోనని ఆమడ దూరం జరుగుతున్నారు. మీ సీసా నా మెడ కాదండీ, నా పొట్ట కొట్టింది.”

“సెంటు పూసుకోవడానికీ ఓ అంతస్తుండాలి. గోనెసంచికి జరీ అంచు వేస్తే నప్పుతుందా? దర్జీవి, నీకు నేను చెప్పాలా?”

కొట్లో ఉన్నవాళ్లంతా నవ్వారు. నవ్వనిది గోడవారన కుర్చీలో కూర్చున్న సూపర్‌మార్కెట్ల మేనేజరు ఒక్కడే. యజమాని వెనకగదిలో సొంతంగా కలిపి అమ్మే ఈ సెంటుని తమ దుకాణాలన్నిట్లో పెట్టించుకుందామని వచ్చాడాయన. ఒప్పందం కాగితం ఒళ్లోనే ఉంది, పెన్ను ఇంకా జేబులోంచి బయటికి రాలేదు. బేరంలో అరిచేవాడితో వచ్చేదీ లేదు, పోయేదీ లేదు. ఊరకే చూస్తూ కూర్చున్నవాడితోనే అసలు లెక్క. అది యజమానికి బాగా తెలుసు.

“ముందు మోచేతి మడతలో ఓ చుక్క వేసి, ఒకరోజు ఆగి చూసుకోవాలమ్మా,” అన్నాడు మేనేజరు.

“ఆ ముక్క సీసా మీద లేదు కదండీ! అందులో ఏం కలిపారో కూడా లేదు. తర్వాత డాక్టరే ఈ సెంటు చుక్క వేసి, పైన పట్టీ అంటించి చూశాడు. ఇదిగో.” ఆవిడ జాకెట్టు చెయ్యి పైకి మడిచింది. పట్టీ ఎంత ఉందో అంతమేరా ఎర్రబడి ఉంది.

“డాక్టరుకి ఫీజు కావాలి, నీకు ఇంకో సీసా కావాలి. ఇద్దరికీ బాగానే కుదిరింది!”

“నాకు సీసా వద్దు. ఇంకొకరికి అమ్మొద్దని చెప్పడానికొచ్చాను.”

మేనేజరు కాగితం మడవబోయాడు. యజమాని గబుక్కున చెయ్యి అడ్డం పెట్టాడు.

“ఆగండి సార్! మా కాపురం ఈ మేడమీదే. మా ఆవిడ వాడేది ఇదే. నెలకో సీసా ఖాళీ చేస్తుంది! ఇంట్లో అడుగుపెడితే చాలు, వంటింట్లో కూడా ఇదే ఘుమఘుమ.”

“మీ ఆవిడ మీ మాటే చెబుతుంది కదండీ?” అన్నాడు మేనేజరు.

యజమాని పగలబడి నవ్వాడు. “దానికి అబద్ధమాడ్డం రాదు సార్. అబద్ధానికి బుర్ర కావాలి. దాని నిజాలతో చుట్టాల ముందు నా పరువు ఎన్నిసార్లు పోయిందో!” అని మెట్ల వైపు తిరిగి కేకేశాడు. “ఏమేవ్! ఉన్నపళంగా కిందికి రా!”

ఆమె తడిచేతులు తుడుచుకుంటూ దిగి వచ్చింది.

“సార్‌కి నీ మెడ చూపించు. చేతులు కూడా.”

చూపించింది. మచ్చ లేదు, దద్దురు లేదు.

“నెలనెలా నేనిచ్చే సెంటు వాడుతున్నావా, పారబోస్తున్నావా?”

“పారబోయడమేంటండీ! చివరి చుక్క దాకా వాడతాను. అది లేకపోతే నాకు క్షణం గడవదు.”

“విన్నారుగా!” యజమాని చెప్పు కింది పురుగుని చూసినట్టు దర్జీ ఆవిడని చూశాడు. “చర్మమంటే ఇదీ! నీది తోలు.”

మేనేజరు పెన్ను మూత తీశాడు.

దర్జీ ఆవిడ సీసాని సంచిలో వేసుకుని, గుమ్మం దాకా వెళ్లి, వెనక్కి తిరిగింది.

“అక్కా, తెలియక అడుగుతున్నాను. మీరు ఎక్కడ రాసుకుంటారు?”

యజమాని భార్య ఆవిడ మెడ అప్పుడే చూసింది. రెండు చేతులూ చెంపలకి ఆనించుకుంది.

“ఓసి పిచ్చితల్లీ, దాన్ని ఒంటికి రాసుకున్నావా! నేను గ్లౌజులు తొడుక్కుని సింకు కింద కొడతాను. ఇదొచ్చాక మా వంటింట్లో ఒక్క బొద్దింకంటే ఒక్క బొద్దింక బతకలేదు!”