ఎల్లాజీ తమ్ముడు

మందాకిని ముప్పయ్యేళ్లలో నేతగాళ్ల మీద, బొగ్గు గనుల మీద, సురభి నాటకాల మీద, సముద్రం మీద డాక్యుమెంటరీలు తీసింది. ఇప్పుడు ఎవరూ ఏదీ తీయనక్కర్లేదు. ఒకసారి కెమెరాకు చిక్కిన మనిషి మిగతా బతుకును యంత్రమే అల్లి, తీసినవాళ్ల పేరుతో ఇంటింటికీ చూపిస్తుంది. చూడకుండానే సంతకం పెట్టడం ఆమెకు అలవాటైపోయింది.

పదేళ్ల కిందట భీమిలిలో తను తీసిన జాలరి అన్నదమ్ముల కథకు యంత్రం కొత్త భాగం అల్లింది. అందులో తమ్ముడు తుఫానులో పోయాడని ఎవరో చెప్పగానే ఆమె నిజమేననుకుని పరామర్శకు పరిగెత్తింది.

గుమ్మంలోనే అన్న ఎల్లాజీ బావురుమన్నాడు. "మా నూకరాజు పోనాడమ్మా!"

అతని పక్కనే నూకరాజు కూర్చుని వల బాగుచేసుకుంటున్నాడు. మందాకిని అతనివైపు వేలు చూపింది.

"ఇదుగో, ఇక్కడే ఉన్నాడు కదయ్యా!"

"అదేటమ్మా? మీ సినిమాలోనే సూసినాం, ఊరంతా ఏడిసినాం. మీరు అబద్దం తీత్తారేటి?"

ఆమె నూకరాజు భుజం పట్టుకుని కుదిపింది. వెచ్చగానే ఉంది. "నువ్వైనా చెప్పు, నూకరాజూ!"

అతను వల పక్కన పెట్టి కళ్లు తుడుచుకున్నాడు.

"నానేటి సెప్పనమ్మా? బతికుంటే ఈ ఏడుకి నలభై నిండును."